మన యింటి గవాచి

మయసభను గూర్చి విననివారు మనలో నుండరు. నీరున్నచోట నేల యనియు, నేలయున్నచోట నీరనియు భ్రమించి సుయోధనుడు భంగపడిన కథను మనము చిన్ననాటనే పెద్దలవలన వినియుంటిమి. ఆ కథ విన్నప్పుడెల్ల మాకొక సందేహము కలుగుచుండెడిది. వెలుగును, నాదమును, కాలమును సున్నమువలెను, ఇటుకవలెను వాడుకొని యిల్లు కట్టుట దానవశిల్పులకే చెల్లునా? మనుష్యులకు సాధ్యము కాదా? ఈ సందేహము మాకు తీరినది ఏ గ్రంథమువలనను గాదు. ధరూరులో మా పాత మిద్దె యింటిని పడగొట్టవలసి వచ్చినపుడు తీరినది. ఆ వృత్తాంతమును సోదరీమణులకు విన్నవించుటకే యీ వ్యాసము వ్రాయుచున్నాము.

మా ప్రాంతపు మిద్దె యిండ్లను చూచిన వారికి గవాచి యనగా వేఱుగా చెప్పనక్కఱలేదు. చూడనివారికై చెప్పెదము. రాతిగోడలమీద దూలములు పెట్టి, వానిపై కఱ్ఱలు పేర్చి, ఆకు పఱచి, మీద చౌడుమట్టి దట్టముగా పోసి తొక్కింతురు. ఆ మట్టి కప్పులో, వంటయింటిపైనను నడిమియింటిపైనను, ఒక్కొక్క రంధ్రము విడుతురు. పొగ పోవుటకును, వెలుగు వచ్చుటకును అదియే దారి. వాన వచ్చినపుడు మిద్దె యెక్కి బండ కప్పవలెను. దీనినే గవాచి యందురు. అమరకోశమున వాతాయనమునకు పర్యాయముగా చెప్పబడిన గవాక్షమే మా వంటయిండ్లలో గవాచియై నిలిచినది. ఆవు కన్నువంటి దనుట యెంత చక్కని పేరు! గోడలు మూసికొని యున్నను ఇల్లు ఆ కంటితో ఆకాశమును చూచుచుండును.

మా అత్తగారికి ఎనుబదియేండ్లు. చూపు క్రమముగా తగ్గి, రెండేండ్లనుండి వెలుగు చీకటుల భేదమును మాత్రమే గుర్తింపగలుగుచున్నారు. అయినను ఆ పాత యింటిలో వారి పనికి లోపము లేకుండెను. ఎసరు పెట్టుమని చెప్పవలసిన వేళకు చెప్పెడివారు. పిల్లలు బడినుండి అన్నమునకు వచ్చువేళకు కంచములు సిద్ధముగా నుండెడివి. గడియారము చూడలేనివారికి వేళ యెట్లు తెలియుచున్నదని మేము కాపురమునకు వచ్చిన క్రొత్తలో ఆశ్చర్యపడలేదు. అప్పుడు వారికి చూపుండెను. చూపు పోయిన తరువాతనే మేము గమనించితిమి. నడిమియింటి మట్టినేలలో, గవాచికి దిగువనుండి ఉత్తరపు గోడవఱకు, ఒకే వరుసలో గవ్వలు పొదిగియుండెను. అలికినప్పుడెల్ల వానిని తుడిచి పైకి కనబడునట్లు చేయుట మా యింటి కోడండ్రకు ఆచారము. గవాచినుండి పడు ఎండబిళ్ల ఉదయమున పడమటినుండి బయలుదేరి, తూర్పుగా జరుగుచు, ఆ గవ్వల వరుసను తాకినపుడు నడిమధ్యాహ్నము. అత్తగారు గోడ నానుకొని కూర్చుండి, కాలు చాచి, పాదమునకు వెచ్చదనము తగిలినచోట గవ్వ యున్నదో లేదో వ్రేళ్లతో తడవి చూచుకొనెడివారు. అదియే వారి గడియారము.

ఒకనాడు ఈ గడియారమునకును మావారి గడియారమునకును తగవు వచ్చినది. మావారు ఉపాధ్యాయులు; నిమిషము తప్పరు. “అమ్మా, నీ మధ్యాహ్నము ఇరువది నిమిషము లాలస్యముగా వచ్చుచున్నది,” అని నవ్విరి. “నీ గడియారమే తొందరపడుతున్నది బిడ్డా. పొద్దుకు తొందర లేదు,” అని వారు బదులు చెప్పిరి. మావారు నవ్వుట మాని లెక్క వేసి చూచిరి. మన దేశపు గడియారములన్నియు తూర్పు రేఖాంశము 82½ భాగలకడ సూర్యుడు నడినెత్తి దాటు వేళను బట్టి నడచును. ధరూరు అంతకు పడమట, సుమారు 77¾ భాగలకడ నున్నది. ఒక్క భాగ దాటుటకు సూర్యునకు 4 నిమిషములు పట్టును. కావున మా యూరి నిజమైన మధ్యాహ్నము గడియారమున సుమారు 12 గంటల 19 నిమిషములకు వచ్చును. ఇది సగటు. భూమి సూర్యుని చుట్టును ఎల్లప్పుడు ఒకే వేగమున తిరుగదు, దాని యిరుసు వంగియున్నది. ఈ రెండు కారణములచే నవంబరు మొదట నీ భేదము మూడు నిమిషములకు తగ్గును, ఫిబ్రవరి నడుమ ముప్పదిమూడు నిమిషములవఱకు పెరుగును. చదువుకొన్న కుమారుని గడియారము దేశమునకు సరి. చదువురాని తల్లి గవ్వ ఊరికి సరి. ఇద్దఱిలో నెవ్వరును తప్పుగారు.

గవ్వల వరుసలో కాలము మఱియొక విధముగను వ్రాయబడియున్నది. మధ్యాహ్నమున ఎండబిళ్ల వరుసను తాకుట ప్రతిదినమును జరుగును గాని, తాకు చోటు మాఱుచుండును. చలికాలమున సూర్యుడు దక్షిణముగా నుండుటచే బిళ్ల ఉత్తరముగా దూరము పోవును. వేసవిలో గవాచి క్రిందికి వచ్చును. మా యూరి అక్షాంశము 16 భాగలకు కొంచె మెక్కువ. పదియడుగుల ఎత్తున గవాచి యున్నదనుకొనుడు. మేషతులా విషువములనాడు, అనగా మార్చి 20, సెప్టెంబరు 23 ప్రాంతమున, బిళ్ల గవాచి నిలువునకు ఉత్తరముగా ఇంచుమించు మూడడుగుల దూరమున పడును. డిసెంబరు 21 ప్రాంతమున ఎనిమిదడుగులు దాటును. మే మొదటి వారమునను ఆగస్టు మొదటి వారాంతమునను సరిగా నిలువునకే పడును. ఆ దినముల మధ్యాహ్నమున మా యూర రోకలి నిలిపినచో నీడ దాని మొదటనే యడగిపోవును. జూను 21 ప్రాంతమున బిళ్ల దక్షిణమునకు దాటి అడుగుకు పైగా పోవును. ఇట్లు ఒక్క వరుస గడియారమును, పంచాంగమును గూడ నగుచున్నది.

మఱియొకటి. “పండుగకు మూడు వారముల ముందే వెలుగు వెనుకకు తిరుగుతది,” అని అత్తగారు చెప్పెడివారు. సంక్రాంతి జనవరి నడుమ గదా, ఉత్తరాయణము అప్పుడు గదా యని మేము వాదించితిమి. చూడగా వారి మాటయే నిజము. డిసెంబరు 21, 22 దినములలోనే బిళ్ల ఉత్తరపు కొనను తాకి మరలుచున్నది. భూమి యిరుసు బొంగరమువలె మెల్లగా ఊగుటచే విషువస్థానము సుమారు 72 ఏండ్ల కొక భాగ చొప్పున వెనుకకు జరుగుచున్నది. సుమారు 1,700 ఏండ్లకు పూర్వము మకరసంక్రమణమును, వెలుగు మరలుటయు ఒక్కనాడే జరిగినవి. నేడు వాని నడుమ ఇరువదినాలుగు భాగల ఎడమున్నది. ఇంత శాస్త్రము మా నడిమియింటి అలుకునేలలో నుండెనని మాకు తెలియలేదు.

ఇట్టి గవ్వల వరుసయే పెద్దదిగా ఇటలీ దేశమున బొలోనా నగరపు దేవాలయములో నున్నది. 1655వ సంవత్సరమున కస్సీనీ యను జ్యోతిశ్శాస్త్రవేత్త ఆ గుడి కప్పున 27 మీటర్ల ఎత్తున చిన్న రంధ్రము చేసి, నేలపై 67 మీటర్ల పొడవున మధ్యాహ్నరేఖ పఱపించెను. సూర్యుని నడకను లెక్కింపగోరిన పండితు లా రేఖను పరిశీలించిరి. జయపురమున సవాయి జయసింహుడు కట్టించిన సమ్రాట్ యంత్రము 27 మీటర్ల ఎత్తున నున్నది. దాని నీడ క్షణమునకు, అనగా సెకండునకు, ఒక మిల్లీమీటరు వంతున కదలుటను కంటితో చూడవచ్చును. ఇవి రాజులును పండితులును చేసినవి. మా యింటిది అత్తగారి అత్తగారు గవ్వలతో చేసినది.

మన తెలుగునాట శిల్పులును వెలుగుతో ఆడుకొన్నారు. శ్రీకాకుళముకడ అరసవల్లి సూర్యదేవాలయమున ఏటేట మార్చి 9, 10 తేదీల ప్రాంతమునను, అక్టోబరు 1, 2 తేదీల ప్రాంతమునను ఉదయకిరణములు స్వామి పాదములను తాకును. రెండుమార్లే యేల? డిసెంబరు 21కి ముందు ఎనుబది దినములును, తరువాత ఎనుబది దినములును లెక్కించి చూడుడు. ఆ రెండు వేళల సూర్యుడు ఒకే చోట ఉదయించును. పోవునపు డొకమారు, వచ్చునపు డొకమారు గుడిలోనికి తొంగి చూచును. నల్లగొండ యొద్ద పానగల్లు ఛాయాసోమేశ్వరాలయమున నిందుకు విపరీతము. కుందూరు చోడుల కాలపు ఆ త్రికూటాలయమున ఒక గర్భగుడిలో స్తంభపు నీడ లింగము వెనుక పగలంతయు కదలక నిలిచియుండును. ఎండ తిన్నగా లోనికి రాక, చుట్టునున్న సందులనుండి చెదరిన వెలుగు మాత్రమే వచ్చుటచే సూర్యుడు కదలినను నీడ కదలదు. ఒకచోట శిల్పి వెలుగుతో దినమును లెక్కించెను; ఇంకొకచోట కాలమునే నిలిపి చూపెను.

మా జిల్లాలోనే తుంగభద్ర యొడ్డున అలంపురమున్నది. బాదామి చాళుక్యులు 7, 8 శతాబ్దులలో కట్టించిన నవబ్రహ్మాలయములలో అర్కబ్రహ్మ యను పేర సూర్యుని నామమే యొకటి కలదు. అక్కడి ప్రదక్షిణపు దారులలో రాతిజాలములు అమర్చిరి. క్రిందటి యేడు అత్తగారిని తోడ్కొని పోయితిమి. ఒక జాలముకడ వారు నిలిచి, అఱచేయి చాచి, ఎండ పడుచోటును, పడనిచోటును తడవి చూచిరి. “ఇది మన గవాచేనే కోడలా! రాతిల చేసిండ్రు, అంతే,” అనిరి. కృష్ణా తుంగభద్రల కూడలియందలి కూడవెల్లి సంగమేశ్వరాలయమును, శ్రీశైలము జలాశయమున మునుగకుండ, రాయి రాయి విప్పి తెచ్చి అలంపురమున మరల నిలిపిరని మావారు చెప్పగా వారు శ్రద్ధగా విని, “వాకిలి ముందటి దిక్కుకే పెట్టిండ్రా?” అని అడిగిరి. ఆ ప్రశ్న మాకు అప్పుడు పట్టలేదు. తరువాత పట్టినది.

ఏలయనగా ఆ సంక్రాంతి తరువాత మా మిద్దెను విప్పవలసి వచ్చినది. దూలములు పుచ్చినవి, రెండు వానకాలములుగా కప్పు దిగుచుండెను. స్లాబు వేయుటకు నిశ్చయమైనది. మేస్త్రి వచ్చి కొలతలు తీసికొనెను. అత్తగారు ఒక్కటే అడిగిరి: “గవాచి యాడ పెడుతవు నాయనా?” మేస్త్రి నవ్వి, స్లాబునకు రంధ్రము పెట్టినచో వాన దిగి ఇనుము తుప్పుపట్టుననెను. మావారును, “అమ్మా, జూరాల ప్రాజెక్టు మన మండలమున రేవులపల్లికడనే యున్నది. ఇక్కడ పుట్టిన కరెంటు ఊరూర వెలుగుచుండ మనకు కప్పున కన్న మెందుకు?” అనిరి. అత్తగారు మాఱు పలుకలేదు. నాటి రాత్రి మాతో మాత్రము, “గవాచి లేకుంటే నేను ఇంట్ల ఉన్నట్ల, సంచిల ఉన్నట్ల?” అనిరి. మేము పగలంతయు దీపము పెట్టగలము; కాని ఆ దీపము ఉదయమునను సాయంకాలమునను ఒకే చోట, ఒకే తీరున వెలుగును. చూపులేని వారికి అది వేళ చెప్పదు.

మేము మావారితో వాదించినామని చెప్పుకొనుటకు సిగ్గుపడము. వారి లెక్కలనే వారి యెదుట పెట్టితిమి. చివరకు వారే మేస్త్రిని ఒప్పించిరి. ఒకటిన్నర యడుగుల వెడల్పున సందు విడిచి, చుట్టును గట్టు కట్టి, పైన మందపు అద్దము ఏటవాలుగా అమర్చుట నిశ్చయమైనది. వానకు వెఱచి మేస్త్రి గట్టు మూరెడు ఎత్తు లేపెను. అంత ఎత్తైనచో చలికాలపు ఏటవాలు ఎండ గట్టులోపలనే యాగి నేలకు దిగదని మావారు కాగితముమీద గీచి చూపగా, దానిని ఆరంగుళములకు తగ్గించెను. మొదటి వానకు ఒక మూల కారిన మాట నిజము. అద్దపు అంచును గట్టు దాటి వెలికి వచ్చునట్లు పెంచిన తరువాత కారలేదు.

శ్రావణమున, ఆగస్టు మొదటి వారమునందే, గృహప్రవేశము జరిగినది. నాటి మధ్యాహ్నము ఎండబిళ్ల గవాచి నిలువునకే పడినది. అత్తగారు పాత గవ్వలను తమ వక్కల సంచిలో దాచియుంచిరి. బండలు పఱచునపుడు మావారు జానెడు వెడల్పు పట్టె విడిపించిరి. దానిలో గచ్చు చేసి గవ్వలు పొదుగుటకు. కాని పాత కొలతలు పనికిరాలేదు. పాత కప్పు ఎనిమిదడుగులు, క్రొత్తది పది. ఎత్తు పెరిగినకొలది దూరములన్నియు అదే పాళ్లలో పెరుగును. కావున మరల మొదటినుండి సంవత్సరమంతయు కనిపెట్టి, నెల కొక గవ్వ పెట్టవలసివచ్చినది.

క్రొత్త యింటిలో మేము ముందుగా నూహింపని కష్ట మింకొకటి వచ్చినది. అది నాదము. పాత మిద్దెలో మట్టికప్పు ధ్వనిని త్రాగెడిది. స్లాబును, నునుపు గోడలును, బండలును దానిని త్రిప్పి కొట్టును. గోలకొండ సింహద్వారపు గుమ్మటము క్రింద చప్పట్లు చఱచినచో కొండమీది బాలాహిస్సారున వినబడుటయు, బీజాపురమున 1656లో మరణించిన మహమ్మదు ఆదిల్‌షా సమాధియగు గోల్‌గుంబజున ఒక ప్రక్క గోడకడ గుసగుసలాడినది ఎదుటి ప్రక్క వినబడుటయు, మాట పలుమార్లు మాఱుమ్రోగుటయు ఇట్టి నునుపైన వంపుగోడల మహిమయే. అక్కడ నది వేడుక. మా యింట నది ఆపద. పిలుపు ఏ వైపునుండి వచ్చినదో తెలియక అత్తగారు గోడకు తగిలి నుదుట గాయము చేసికొనిరి. చెవులే కన్నులైన వారికి మాఱుమ్రోత చీకటివంటిది. మేము పాత చీరలతో కుట్టిన బొంతలు రెండు గోడలకు వ్రేలాడగట్టి, జొన్నబస్తాలను నడిమియింటిలోనే ఒక ప్రక్క పేర్చితిమి. మ్రోత చాలవఱకు తగ్గినది. ఇప్పుడు పిలిచిన వైపునకే తల త్రిప్పుచున్నారు.

సోదరీమణులారా, ఇల్లు పడగొట్టునది, కట్టునది సాధారణముగా పురుషులు. దానిలో దినమంతయు మెలగునది మనము. కావున పాత యింటిని విప్పుటకు ముందే, ఏ వేళకు ఏ మూలకు వెలుగు వచ్చునో, ఏ గది యెట్లు పలుకునో, ఒక కాగితముమీద వ్రాసిపెట్టుడు. క్రొత్తగా కట్టువారు గవాచిని గదికి దక్షిణపు వైపున పెట్టించి, పదియడుగుల కప్పునకు ఉత్తరముగా తొమ్మిదడుగుల చోటైనను విడువుడు. దిక్కు నిర్ణయించుటకు ముంగిట చదునైన నేలపై కఱ్ఱను నిలువుగా నాటి, దాని చుట్టును వలయము గీయుడు. ఉదయమున నీడకొన వలయములోనికి వచ్చు చోటును, సాయంకాలము వెలుపలికి పోవు చోటును గుర్తించి కలిపినచో అది తూర్పుపడమర రేఖ. దాని కడ్డముగా, మేస్త్రి తూకపుగుండును గవాచి నడుమనుండి వ్రేలాడదీసి అది నేలను తాకు చోటనుండి, త్రాడు లాగినచో మధ్యాహ్నరేఖ దొరకును. విషువపు దినములలో పదియడుగుల కప్పుక్రింద మధ్యాహ్నవేళ బిళ్ల ఘడియకు, అనగా 24 నిమిషములకు, ఒక అడుగుకు కొంచె మెక్కువగా జరుగును. పిల్లల చేత కొలిపించి చూడుడు. భూమి తిరుగుచున్నదని వారికి వేఱుగా చెప్పనక్కఱ యుండదు.

ఈ డిసెంబరు 21వ తేదీన ఎండబిళ్ల మా ఉత్తరపు కొనను తాకినది. అత్తగారే వంగి, గచ్చు పచ్చిగా నుండగా, ఐదవ గవ్వను వ్రేలితో నొక్కిరి. గవాచి నిలువునుండి ఎనిమిదడుగుల మూడంగుళములు వచ్చినది. ఇక ఎండ అదే దారిని వెనుకకు నడచును గనుక ఆ వైపున పెట్టవలసినవి లేవు. దక్షిణపు కొనకు ఒక్కటి మిగిలినది. అది జూను నెలలో పెట్టవలసినది. ఆ గవ్వ వారి వక్కల సంచిలో నున్నది. మాకిమ్మని అడిగితిమి. “అప్పటిదాంక నా కాడనే ఉండనీ,” అనిరి.